బుడిపె

బిల్లు మీద డాంగిల్ అని రాసుంది.
నాకు నోరు తిరగలేదు, బుడిపె అన్నాను.
చిటికెన వేలంత లేదు, ఆకుపచ్చ లైటు.
దాన్ని కంప్యూటరుకి గుచ్చితేనే
గుణుపురంలో నా తెలుగు తెరుచుకునేది.

పంతొమ్మిదేళ్లు.
శుభలేఖలు, పెద్దకర్మ కార్డులు,
తప్పిపోయిన ఎద్దు కోసం కరపత్రం,
నౌపడ రైలు పెద్ద పట్టాల మీద వచ్చిన ఏడు
స్వాగతం బ్యానరు. అందులో వత్తు జారిపోయింది.

మొన్న మంగళవారం లైటు వెలుగుతూనే ఉంది,
తాళం దొరకలేదంది తెర, ఇంగ్లీషులో, మర్యాదగా.
కంపెనీకి ఫోన్ చేశాను.
ఎత్తినాయన టైల్సు అమ్ముతాడట,
ఆ నంబరు కొని ఆరేళ్లయిందట.
"మీలాంటోళ్లు ఇంకా చేస్తుంటారమ్మా" అని నవ్వి
సింకులు కూడా ఉన్నాయి, కావాలా అన్నాడు.

తాళం చేసినవాడు లేడు.
తలుపు మాత్రం ఇంకా అతని మాటే వింటోంది.

పొట్నూరు వాళ్ల పదకొండో రోజు కార్డులు, నూట ఇరవై,
గురువారం పొద్దున్నకి.

సొరుగులో పెన్‌డ్రైవ్ ఉంది,
రాయగడ నుంచి టోనర్లు తెచ్చే కుర్రాడిచ్చింది.
బుడిపె లేకున్నా ఉన్నట్టు నమ్మించే మందట.
వేసే పద్ధతి: ముందు యాంటీవైరస్ ఆపాలి.
అంటే కుక్కని కట్టేసి దొంగని భోజనానికి పిలవాలి.
ఒకసారి పిలిచాను, వేరే మందు కోసం.
మూడు ఊళ్ల రేషను ఫోటోలు
పేర్ల చివర తోకలు మార్చుకుని కూర్చున్నాయి,
ఒక్కటీ తెరుచుకోలేదు.

సోంబారు గమాంగో వచ్చాడు, పాలిటెక్నిక్ రెండో ఏడు.
జేబులోంచి అరచేతంత కంప్యూటరు తీశాడు,
పెట్టె లేదు, ఫ్యాను లేదు,
ఒక పలక, దానికి నాలుగు యూఎస్‌బీ నోళ్లు.
"ముందు దీనికి తినిపిద్దాం అక్కా. చస్తే ఇదే చస్తుంది."

నా ఫోను చార్జరు పెట్టాం. తెర మూల పసుపు మెరుపు.
"ఆకలి" అన్నాడు.
కీబోర్డు పెడితే మౌసు పోయింది,
పెన్‌డ్రైవ్ పెడితే అన్నీ పోయాయి.
పక్క సెల్ కొట్టు ఘనశ్యామ్ పాఢి దగ్గర
సొంత కరెంటున్న హబ్బు అరువు తెచ్చాం.
"ఆజి" అన్నాడు, రెండుసార్లు. ఇవాళే ఇచ్చేయాలని.

అప్పుడు నిదానంగా చూసింది పలక.
మందు పొట్లంలో మందుతో పాటు
ఇంకో ఏడు ఫైళ్లు నక్కి ఉన్నాయి.
బుడిపె గుచ్చితే ఒక్క వరుస వచ్చింది:
కంపెనీ అంకె, సరుకు అంకె.
గుర్తుపట్టింది, మాట్లాడలేదు.
బ్లాకాఫీసు గుమస్తా నన్ను చూసినట్టు.
పేరు తెలుసు, ఇంటి నంబరు తెలుసు,
తెలుగు అర్జీ మాత్రం ముట్టుకోడు.

పాత ఫైలు పలక మీద తెరిస్తే
నా అక్షరాలన్నీ డాలర్లు, కొక్కేలు, ఆశ్చర్యార్థకాలు.
పొట్నూరు సన్యాసప్పడు గారి ఇంటిపేరు కోడి గీకినట్టుంది.
పంతొమ్మిదేళ్లు నేను తెలుగు కొట్టలేదన్నమాట,
తెలుగులా కనబడే గుర్తులేవో పేర్చాను.
కాసేపు ఇద్దరం మాట్లాడలేదు.

తర్వాత మొదటినుంచి కొట్టాను,
ఎవరి తాళమూ అడగని ఫాంటులో.
వేళ్లవి పాత దారులు. క్ష కోసం చెయ్యి ఎటో పోతుంది.
మధ్యలో వాడు ఖాళీ పేజీలో
నేనెరగని అక్షరాలు నాలుగు వేశాడు, గుండ్రంగా.
"మావి. తాత సుద్దముక్కతో నేర్పాడు. ఇరవై నాలుగు.
అన్నీ దీన్లో ఉన్నాయి."
బస్సు టైము చెప్పినట్టు చెప్పాడు.

కార్డులు వెళ్లాయి.
వైకుంఠలో సున్నా పక్కన చోటు ఎక్కువైంది, ఎవరూ అడగలేదు.
హబ్బు శుక్రవారం ఇచ్చాను, పాఢి మొహం చూడకుండా.

ఆ పెన్‌డ్రైవ్ పారేశావా అని సోంబారు అడిగాడు.
ఊ అన్నాను.
పిన్నుల డబ్బా వెనకే ఉంది.
ఏం చెయ్యను,
పంతొమ్మిదేళ్ల పెళ్లిళ్లు ఇంకా లోపలే ఉన్నాయి.